గుమ్మం దాకా

మా ఇంట్లో అద్దెకుండే కృపాబాయి గారి ఉద్యోగం ఏమిటో మా ఆయనకు ఇప్పటికీ అర్థం కాలేదు. "రక్తానికి బిల్లేందే?" అంటాడు. ట్రక్కు నడిపే మనిషికి సరుకు ఎక్కడ ఎక్కించాలి, ఎక్కడ దించాలి అన్నది తెలిస్తే చాలు. నేను చాలాసార్లు చెప్పి చూశాను. మంచం దిగలేని, గడప దాటలేని మనుషులు ఉంటారు. వాళ్ళు ల్యాబుకు పోలేరు కాబట్టి ల్యాబే ఒక మనిషిని వాళ్ళింటికి పంపిస్తుంది. ఆ వచ్చిన పిల్ల చెయ్యి పట్టుకుని, సూది గుచ్చి, రెండు ట్యూబులు నింపుకుని వెళ్తుంది. పరీక్ష ఖర్చు ప్రభుత్వమే పెట్టుకుంటుంది. ఇంటిదాకా వెళ్ళి వచ్చినందుకు మాత్రం విడిగా ఒక ఫీజు ఉంటుంది. అది ఎవరిని అడగాలో, ఏ కారణం చూపించి అడగాలో చూసేది కృపాబాయి గారు. "ఓహో, కిరాయి లెక్క," అన్నాడు మా ఆయన. అంతే అనుకోండి.

ఆ కిరాయి లెక్కలో రెండు రూల్సు నాకు భలే విచిత్రంగా ఉండేవి. వెళ్ళిన పిల్లకు నరం దొరక్క ఖాళీ ట్యూబుతో తిరిగి వస్తే, ఆ ప్రయాణం జరగనట్టే. మంచులో గంటసేపు కారు నడిపి వెళ్ళినా సరే, వెళ్ళలేదనే రాసుకుంటారు. ఇంకొకటి, లేవలేని ముసలివాళ్ళను ఉంచే నర్సింగ్ హోముల సంగతి. ఇంట్లో ఉన్న మనిషి దగ్గరికి వెళ్తే దారి ఖర్చు మొత్తం ఆ ఒక్కరి పేరు మీదే పడుతుంది. హోముకు వెళ్తే అక్కడ ఎంతమందికి రక్తం తీశారో అంతమందికీ దారిని పంచాలి. "ఇంట్లో ఉన్నంతకాలం రోడ్డంతా మనదేనండి. హోములో చేరాక మన వంతుకు సందు మలుపు కూడా రాదు," అని ఆమె ఒకసారి నవ్వకుండా చెప్పారు. నవ్వకుండా జోకులు వేసే రకం ఆమె. అది జోకో బాధో తేల్చుకోలేక నేను గిన్నెలు కడుక్కునేదాన్ని.

నా పేరు సూర్యకుమారి. మాది కరీంనగర్ వైపు. కెనడాలో, బ్రాంప్టన్‌లో మా ఇల్లు ఆ రోజుల్లో ఇల్లులా ఉండేది కాదు, బస్టాండులా ఉండేది. దేశమంతా స్టూడెంట్ల వరద. ఎయిర్‌పోర్టు నుంచి సూట్‌కేసు లాక్కుంటూ నేరుగా వచ్చి, "ఆంటీ, రూమ్ ఉందా?" అని బెల్లు కొట్టేవాళ్ళు. బేస్‌మెంటులో ఐదుగురు ఆడపిల్లల్ని పెట్టుకున్నాను. పొద్దున కాలేజీ, సాయంత్రం వేర్‌హౌసు, మధ్యలో మా పొయ్యి మీద మ్యాగీ. గుమ్మం దగ్గర వాళ్ళ బూట్లు దాటుకుని లోపలికి రావడానికి సర్కస్ చేయాలి. తిట్టేదాన్ని, అద్దె తీసుకునేదాన్ని, జ్వరం వస్తే చారు పెట్టేదాన్ని. వాళ్ళ గోలలో పైన మూలగదిలో ఒక మనిషి ఉన్నదన్న సంగతి నాకే మరుపున పడేది.

ఆ మూలగదే కృపాబాయి గారిది. నరసాపురం మనిషి. భర్త ఆనందబాబుతో కలిసి ఇరవై ఏళ్ళ కిందట ఈ దేశం వచ్చారట. పిల్లలు లేరు. ఆనందబాబు తెలుగు చర్చిలో తబలా వాయించేవాడట, పాట అయిపోయాక కూడా నాలుగు దెబ్బలు అదనంగా వేస్తే పాస్టర్ గారు కళ్ళెర్రజేసేవారట. కోవిడ్ మొదటి చలికాలంలో ఆసుపత్రిలో పోయాడు. ఈమెను లోపలికి రానివ్వలేదు. నర్సు అతని చెవి దగ్గర ఫోను పెట్టి పట్టుకుంటే ఈమె ఇంట్లో కూర్చుని కీర్తన పాడారట, సగం పాడేసరికి నర్సు "అయామ్ సారీ" అన్నదట. ఇది ఆమె నాకు ఒక్కసారే చెప్పారు. మళ్ళీ ఎప్పుడూ ఎత్తలేదు.

తర్వాత ఇల్లు అమ్మేసి మా గదికి వచ్చారు. కంపెనీ వాళ్ళు ఆఫీసు బల్లలు తీసేసి అందర్నీ ఇంటి నుంచే పనిచేయమన్నారు. ఇంకేం, గదే ఆఫీసు అయింది. చర్చి జూమ్‌లో చూసేవారు. కూరగాయలు బేస్‌మెంటులోని స్వీటీ అనే పిల్ల తెచ్చి మెట్ల మీద పెట్టేది, అది కిరాణా కొట్లో వారాంతం పని చేస్తుంది. వంటింటికి వచ్చి అన్నం వండుకుని, ప్లేటు పట్టుకుని మళ్ళీ గదికే. ఉదయం పూట ఆమె కిటికీ పరదా తొలగడం, సాయంత్రం పడడం, ఆమెకు సంబంధించి మా వీధికి తెలిసింది అంతే.

"ఇట్ల నాలుగు గోడల మధ్య ఎన్ని రోజులుంటవక్కా? పార్కు దాకన్నా పోదాం పా," అనేదాన్ని.

"రేపు చూద్దామండి సూర్యకుమారి గారూ," అనేవారు. ఆ రేపు వచ్చేది కాదు. నేను అక్కా అని ఎంత దగ్గరికి లాగినా ఆమె 'గారూ' వదిలేవారు కాదు. నాకు ఒళ్ళు మండేది.

అట్లాంటి మనిషి గదిలోంచి ఒకరోజు నవ్వు వినబడింది. మా గోడలు అట్టముక్కలు. చెవి పెట్టాల్సిన పని లేదు. కూర తిప్పుతున్న గరిటె ఆపి విన్నాను. నిజంగా నవ్వే. ఆ తర్వాత వంటింట్లోకి వచ్చినప్పుడు అడిగేశాను, విననట్టు నటించే ఓపిక నాకు లేదు.

సంగతి ఏమిటంటే, కంపెనీకి ఇంకో రూలు ఉంది. ఎవరి ఇంటికైనా నెలకు ఒకసారి కంటే ఎక్కువగా వెళ్ళి రక్తం తీస్తే, ఆ మనిషి నిజంగానే ఇల్లు కదలలేని మనిషేనా అని బిల్లింగు వాళ్ళు ఫోను చేసి అడగాలి. అడిగినట్టు రాసుకోకపోతే ఇన్సూరెన్సు వాళ్ళు ప్రయాణం ఫీజు ఇవ్వరు. అడగాల్సిన ప్రశ్నలు కంపెనీయే రాసి ఇచ్చింది. మొదటి ప్రశ్న, ఈ నెలలో ఇంటి నుంచి బయటికి వెళ్ళారా? ఆ తర్వాతది, తోడు లేకుండా నడవగలరా? మందులో గానీ తిండిలో గానీ మార్పు ఉందా అన్నది చివరిది. కృపాబాయి గారు ఇవి రోజంతా ఇంగ్లీషులో అడుగుతూ ఉంటారు.

ఆ రోజు ఫోను ఎత్తింది అమరేశ్వరరావు గారని తెనాలి పక్క పెద్దమనిషి. కరెంటాఫీసులో చేసి రిటైరై, భార్య పోయాక కొడుకు దగ్గరికి వచ్చాడు. మా ఇంటికి పదిహేను నిమిషాల దూరంలో ఉంటాడు. తుంటి విరిగి వాకరు పట్టుకుని నడుస్తాడు. గుండె కొట్టుకోవడంలో ఏదో తేడా ఉంటే రక్తం గడ్డకట్టకుండా మందు ఇచ్చారు. ఆ మందు వేసుకునేవాళ్ళకు రక్తం ఎంత పలచగా ఉందో చూడడానికి పరీక్ష చేస్తూ ఉండాలి. కృపాబాయి గారు ఇంగ్లీషులో మొదటి ప్రశ్న అడగ్గానే ఆయన తనలో తాను అనుకున్నట్టు తెలుగులో అన్నాడట.

"వెళ్ళాను తల్లీ, గుమ్మం దాకా."

ఈమెకు నవ్వు ఆగలేదు. ఈమె నవ్వు విని ఆయన అదిరిపడ్డాడు. "నువ్వు మనదానివా? ఏ ఊరమ్మా?"

అలా మొదలైంది. మొదట నెలకొకసారి తీసే రక్తం, ఎందుకో పరీక్షలో నంబరు సరిగ్గా రావడం లేదని రెండు వారాలకొకసారి అయింది. తర్వాత వారం వారం. రక్తం తీసిన ప్రతిసారీ మర్నాడు కృపాబాయి గారి ఫోను. మొదటి ప్రశ్నకు ఆయనది ఎప్పుడూ ఒకటే జవాబు, గుమ్మం దాకా. ఆ జవాబు వినడానికే ఈమె ఆ ప్రశ్నను కాస్త సాగదీసి అడిగేవారు. ప్రశ్నల మధ్యలో ఊళ్ళు, రైళ్ళు, చేపల పులుసు. గుంటూరు వాళ్ళు గోంగూరలో ఉల్లిపాయ వేయరా, గోదావరి వాళ్ళు వేస్తారా అని ఒకసారి పెద్ద తగవు. "ఉల్లిపాయ వేస్తే దాన్ని గోంగూర అనకూడదమ్మా, ఇంకేదైనా పేరు పెట్టుకోండి," అని ఆయన. "మీరు తిని చూశారాండి, తినకుండా అంటారేంటండి?" అని ఈమె. ఫోను చేసే రోజున ఈమె జుట్టుకు నూనె పెట్టి దువ్వుకోవడం చూశాను. ఫోనులో జుట్టు కనబడుతుందా అని వెక్కిరించాను. సిగ్గుపడి ప్లేటు పట్టుకుని వెళ్ళిపోయారు. పాపం అనిపించింది, సంతోషమూ వేసింది.

ఒక మధ్యాహ్నం ఆమె వంటింట్లో నిలబడి, "మీ దగ్గర ఎండు మిరపకాయలున్నాయాండి? గోంగూర చేసుకుందామనుకుంటున్నాను. అమరేశ్వరరావు గారు ఫోను చేసినప్పుడల్లా అదే మాట చెప్పి చెప్పి నోరూరించేస్తున్నారు," అన్నారు.

"ఏం మాట?"

"ఈమధ్య రోజూ గోంగూరే తింటున్నారటండి. మామగారు ఇష్టంగా తింటున్నారని కోడలు కట్టలు కట్టలు తెచ్చి పడేస్తోందట."

డబ్బా మూత తీస్తున్న నా చెయ్యి ఆగిపోయింది. మా అత్తగారు పోయేదాకా ఆ మందే వేసుకున్నది. ఆకుకూరలు, అందులోనూ గోంగూర, ఉన్నట్టుండి ఎక్కువగా తింటే ఆ మందు పని చేయదని, రక్తం గడ్డ కడుతుందని డాక్టరు నాకు బొమ్మ గీసి మరీ చెప్పాడు. మా అత్తగారు గోంగూర కోసం నాతో చేసిన యుద్ధాలు ఇంకా మర్చిపోలేదు.

"అక్కా, ఆయన నంబరు సరిగ వస్తలేదన్నవ్ కదా. గోంగూర తింటే ఎట్లొస్తది? ఆయనకు తెల్వదా ఏంది?"

కృపాబాయి గారి మొహంలో రంగు పోయింది. తిండిలో మార్పు ఉందా అని తాను ప్రతిసారీ అడుగుతున్నారు. ఏ మార్పూ లేదని ఆయన ప్రతిసారీ చెబుతున్నాడు.

మర్నాడు ఆయనకు ఫోను చేయాల్సిన రోజే. హెడ్‌సెట్ పాడైందని స్పీకరులో పెట్టారు. నేను తలుపు దగ్గరే నిలబడ్డాను, పొమ్మని ఆమె అనలేదు. ప్రశ్నలన్నీ వదిలేసి నేరుగా అడిగారు.

"అంకుల్, గోంగూర తింటే మీ మందు పని చేయదని తెలుసాండి?"

అవతల వాకరు నేలకు తగిలిన చప్పుడు.

"తెలుసమ్మా."

"తెలిసే తింటున్నారా?"

"మొదటిసారి తెలీకే తిన్నా. నంబరు పడిపోయిందని వారం తిరక్కుండా మళ్ళీ వచ్చి రక్తం తీసుకెళ్ళారు. ఆ మర్నాడు నువ్వు ఫోను చేశావు." ఆయన గొంతు సవరించుకున్నాడు. "నంబరు బాగుందనుకో, నెలకొక సూది. నీ ఫోను ఇక రాదు. నేను లెక్కేసుకున్నాలేమ్మా. పొద్దున పోయిన కొడుకూ కోడలూ చీకటి పడ్డాక వస్తారు. మనవడు ఇంగ్లీషులో హాయ్ అంటాడు. ఆ రక్తం తీసే పిల్లలు కూడా వారానికొకరు, చదువుకుంటూ చేసుకునేవాళ్ళు, పాపం పరుగు మీద ఉంటారు. చేతులు మారుతుంటాయి. గొంతు మాత్రం నీదే కదా."

కృపాబాయి గారు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నారు. ఒక మనిషి మాట కోసం ఇంకో మనిషి విషం తిన్నంత పని చేస్తాడా? చేస్తాడు, వినండి, ఈ దేశంలో చేస్తాడు.

"ఇంక తినకండి అంకుల్. నా మీద ఒట్టండి."

"సరేలే," అన్నాడు. ఆ సరేలే ఎటువంటిదో తలుపు దగ్గర నిలబడ్డ నాకే తెలిసింది.

"నా సెల్లు నుంచి నేనే ఫోను చేస్తా అని చెప్పకపోయినవా అక్కా?" అన్నాను తర్వాత.

"పేషెంటు ఫోను నంబరు పని మీద తప్ప వాడకూడదండి. ఇలాగే ఒకమ్మాయిని తీసేశారు. ఈ ఉద్యోగం పోతే ఈ వయసులో నన్నెవరు తీసుకుంటారు?"

అది నిజమే. కాకపోతే నాకు తెలిసిన నిజం ఇంకొకటి ఉంది. పని అనే కారణం లేకుండా ఒక మనిషికి ఫోను చేయడం ఎలాగో ఆమె మర్చిపోయారు. భయపడ్డారు. నేను పైకి అనలేదు.

వారం గడిచింది. నంబరు మళ్ళీ పడిపోయింది. మళ్ళీ రక్తం తీశారు, మళ్ళీ ఈమె ఫోను చేశారు. గుమ్మం దాకా అన్నాడు. నడక ఎలా ఉందంటే, "కాలు కాస్త వాచిందమ్మా. పిక్క లాగుతోంది. చెప్పు పట్టట్లేదు," అన్నాడు, చెప్పుదే తప్పన్నట్టు.

ఆమె ఫోను పెట్టేసి తిన్నగా వంటింట్లోకి వచ్చి కుర్చీలో కూలబడ్డారు. మా ఇంటి కుర్చీలో ఆమె కూర్చోవడం నేను చూసింది అదే మొదలు.

"కాలు వాచిందన్న వాళ్ళ పేర్లు తర్వాత మా స్క్రీను మీద ఏమవుతాయో చూశానండి. కొన్ని మళ్ళీ రావు."

"అయితే ఇంకేం చూస్తున్నవ్? డాక్టరుకు చెప్పెయ్. కొడుక్కు చెప్పెయ్."

"చెబితే మందు మార్చేస్తారండి. ఇప్పుడు కొత్త మందొచ్చింది, దానికి రక్తం తీయక్కర్లేదు. గోంగూర కూడా తినొచ్చు. అందరికీ అదే ఇస్తున్నారు, సగం పేర్లు అలాగే పోయాయి. ఈయన పాతమందుకు అలవాటు పడ్డారని వదిలేశారంతే." ఆమె గ్లాసు అంచు మీద వేలు తిప్పుతున్నారు. "రక్తం తీయకపోతే ఆయనకు ఫోను చేసే పని ఉండదు. నాకు మాట్లాడడానికి ఇంకెవరూ లేరండి."

నాకు ఒక్కసారిగా కోపం తన్నుకొచ్చింది. "మరి నేనెవర్నక్కా? గోడకవతల రాయిననుకున్నవా?"

ఆమె తలెత్తి నన్ను చూశారు. ఆ చూపులో ఏమీ దాచుకోలేదు. నేను కరిగిపోయాను. కింద ఐదుగురు పిల్లలు, ఫోనులో మా ఆయన, వచ్చేపోయే జనం. నా దగ్గర ఆమెకోసం మిగిలేది పార్కు దాకా పోదాం పా అన్న మాట ఒక్కటే. దాన్ని కూడా గరిటె పట్టుకుని వెనక్కి తిరక్కుండా అనేదాన్ని. వారానికి ఒకసారి ఆ ఫోనులో ఆమె కోసం ఎదురుచూసిన మనిషికి, నాకు పోలిక లేదు.

"మీరే చెప్పండి, ఏం చేయమంటారు?" అన్నారు.

"నాకు తెల్వదక్కా," అన్నాను. ఏ విషయంలోనైనా తెలియదని నేను అనడం మా ఇంట్లో వింత.

ఆమె కళ్ళు మూసుకున్నారు, పెదవులు కదిలాయి. ప్రార్థన చేసుకుంటున్నారని అర్థమై స్టవ్వు ఆపేశాను. తర్వాత లేచి గదిలోకి వెళ్ళారు. గోడలోంచి ఇంగ్లీషు వినబడింది, డాక్టరు గారి ఆఫీసు. ఆ తర్వాత తెలుగు, కొడుకు. "రేపటిదాకా ఆగకండి, ఇప్పుడే తీసుకెళ్ళండి బాబూ," అన్న మాట నాకు స్పష్టంగా వినబడింది.

కాలి నరంలో గడ్డ ఉంది. ఊపిరితిత్తుల్లోకి పోకముందే పట్టుకున్నారు. ఆసుపత్రిలో మందు మార్చారు. ఆయన బతికాడు.

ఆ రోజు అడక్కుండా మిగిలిపోయిన చివరి ప్రశ్న అడిగి బిల్లు ముగించడానికి కృపాబాయి గారు ఇంకొక్క ఫోను చేయాల్సి వచ్చింది. ఆయన ఇంటికి వచ్చేదాకా ఆగి చేశారు. జుట్టుకు నూనె పెట్టుకున్నారు. నేను తలుపు దగ్గరే ఉన్నాను.

"నువ్వే చెప్పావా?" అన్నాడు, ప్రశ్న అడగనివ్వకుండానే.

"నేనేనండి."

"నిన్ను నమ్మి చెప్పానమ్మా." అంతే, ఫోను పెట్టేశాడు.

ఆమె చేతిలో ఫోను అలాగే పట్టుకుని కూర్చున్నారు. నేను వెళ్ళి భుజం మీద చెయ్యి వేశాను. తీసేయమనలేదు, దగ్గరికీ రాలేదు. కాసేపటికి, "పని ఉందండి," అన్నారు.

ఆ తర్వాత గోడ మూగపోయింది. వినబడేదల్లా ఇంగ్లీషు ప్రశ్నలే, ఒకే వరసలో, ఒకే గొంతుతో. ఎండాకాలం గడిచింది. సెప్టెంబరులో పాత పిల్లలు ఇద్దరు పోయి కొత్త పిల్లలు ఇద్దరు సూట్‌కేసులతో దిగారు. ఒకతె రాత్రంతా అమ్మకు ఫోను చేసి ఏడుస్తుంటే పైనుంచి కృపాబాయి గారు మెట్ల మీద పాల గ్లాసు పెట్టి, పిలవకుండా వెళ్ళిపోయారు. ఆకులు రాలాయి. నేను పార్కు మాట ఎత్తితే రేపు చూద్దామండి అనేవారు. ఈసారి గరిటె పక్కన పెట్టి మరీ అడిగాను. అదే జవాబు. ఇంతకుముందు ఆమె ఒంటరిగా ఉన్నారని తెలుసు. ఇప్పుడు ఆమెకు కూడా తెలిసింది. అది ఇంకా కష్టం, చూడలేకపోయేదాన్ని.

మంచు మొదలైన రోజుల్లో ఒక శుక్రవారం ప్లేటు పట్టుకుని వంటింట్లోకి వచ్చి, అన్నం పెట్టుకోకుండా నిలబడ్డారు.

"ఆయన పేరొచ్చిందండి."

"ఎవరి పేరు?"

"అమరేశ్వరరావు గారు. నర్సింగ్ హోము లిస్టులో. మామూలు రక్తపరీక్ష, ఏడాదికొకసారి తీసేది. కాలు ఇక నిలబడలేదేమో, అక్కడ చేర్చేశారు." ప్లేటు బల్ల మీద పెట్టారు. "ఒక్క ట్రిప్పులో చాలామందికి తీశారండి. అందరికీ పంచితే ఆయన వంతుకు ఏమీ రాలేదు."

"ఫోను చేయాల్నా మరి?"

"హోములో ఉన్నవాళ్ళకు చేయక్కర్లేదండి. వాళ్ళు బయటికి వెళ్ళరని అందరికీ తెలుసు కదా."

ఆ మాట చెప్పి ఆమె ఏడ్చారు. వచ్చినప్పటి నుంచి ఆమె ఏడవగా చూడలేదు. నేను కొంగుతో కాదు, చేతిలో ఉన్న మసిగుడ్డతోనే ఆమె కళ్ళు తుడిచేశాను, తుడిచాక గానీ చూసుకోలేదు. ఇద్దరికీ నవ్వొచ్చింది.

"ఆదివారం పోదాం," అన్నాను.

"లిస్టులో చూసి వెళ్ళడం తప్పండి. రూలు ఒప్పుకోదు."

"మీ చర్చోళ్ళు హోములకు పోయి పాటలు పాడొస్తరని నువ్వే చెప్పినవ్. రోగుల్ని చూసి ప్రార్థన చేసి రావడానికి ఏ రూలు అడ్డం? కాదూ కూడదంటే నేను చూడబోయిన్న అని చెప్తా, నువ్వు నాకు తోడొచ్చినవ్. వెనక్కి పంపిస్తే పంపించనీ."

"ఆయన నన్ను చూడనంటే?"

ఆ రాత్రి ఆమె ఫార్మసీకి ఫోను చేసి కొత్త మందుతో గోంగూర తినొచ్చా అని రెండుసార్లు అడిగి రూఢి చేసుకున్నారు.

ఆదివారం గోంగూర వండింది ఆమే. చిన్న స్టీలు డబ్బాలో పెట్టి, గుడ్డ చుట్టి, సంచీలో వేశారు. గుమ్మం దగ్గర పిల్లల బూట్ల మధ్య తన బూట్లు వెతుక్కోవడానికి చాలాసేపు పట్టింది. దొరికాక వేసుకుని, తలుపు తీసి, బయటి వెలుతురుకు కళ్ళు చికిలించుకుని అక్కడే ఆగిపోయారు. నేను కారు స్టార్టు చేసి హారను కొట్టలేదు. నా జీవితంలో హారను కొట్టకుండా ఆగడం అదొక్కసారే. చివరకు మెట్టు దిగారు.

కారులో, "ట్యూబులు లేవు కదండి, ఈ ప్రయాణం జరగనట్టే," అన్నారు.

"నా కారు పెట్రోలు మాత్రం నిజంగనే ఖర్చయితది," అన్నాను. ఆమె ఒళ్ళో సంచీలో డబ్బా మూత చప్పుడవుతోంది.

హోములో మాస్కులు ఇచ్చారు, పేర్లు రాసుకున్నారు. పొడుగాటి వరండా, రెండువైపులా తలుపులు, తలుపుల్లో చక్రాల కుర్చీలు. అమరేశ్వరరావు గారి గది చివర ఉంది. ఫోనులో ఆయన గొంతు విని పెద్ద ఆకారం అనుకున్నాను. కిటికీ దగ్గర కుర్చీలో చిన్న మనిషి, ఇస్త్రీ లేని పూర్తిచేతుల చొక్కా, బయట పార్కింగు లాటు వైపు చూస్తున్నాడు. మాస్కులతో ఇద్దరు ఆడవాళ్ళు సంచీతో లోపలికి రావడం చూశాడు. మారు మాట్లాడకుండా కుడిచేతి బొత్తాం విప్పి, చొక్కా మోచేతి పైకి మడిచి, చెయ్యి చాపాడు.

"రైట్ హ్యాండ్," అన్నాడు. "లెఫ్ట్ నో గుడ్."

కృపాబాయి గారు ఆయన ముందున్న స్టూలు మీద కూర్చున్నారు. చాపిన చేతిని రెండు చేతులతో పట్టుకున్నారు.

"ఈ నెలలో ఇంటి నుంచి బయటికి వెళ్ళారాండి?"

ఆయన కళ్ళు ఆమె మొహం మీద వెతికాయి, మాస్కు మీద, నూనె పెట్టి దువ్విన జుట్టు మీద. గొంతు పోల్చుకోవడానికి ఎంతసేపు పట్టిందో నాకు తెలియదు. చెయ్యి వెనక్కి తీసుకుంటాడనుకున్నాను. తీసుకోలేదు.

"వెళ్ళాను తల్లీ," అన్నాడు. "గుమ్మం దాకా."

ఆమె చొక్కా చేతిని మెల్లగా కిందికి దించి, మణికట్టు దగ్గర బొత్తాం పెట్టారు. "ఇవాళ సూది లేదండి."

"మరెందుకొచ్చావు?"

"ఊరికే."

ఆయన సంచీ వైపు చూశాడు, నేను డబ్బా మూత తీసి ఇచ్చాను. వాసన చూసి మొహం చిట్లించాడు. "ఉల్లిపాయ వేశావు."

"వేశానండి. తిని మాట్లాడండి."

"తింటాలే. ఇక్కడ తినొద్దనేవాళ్ళూ లేరు, పెట్టేవాళ్ళూ లేరు." డబ్బా ఒళ్ళో పెట్టుకుని, ఆమె వైపు వంగాడు. "అప్పుడు నీ మీద కోపం వచ్చిందమ్మా. ఆ కోపంలో ఒకటి అడగడం మర్చిపోయాను. ఎప్పుడూ నువ్వే అడిగావు, నేను ఒక్కసారీ అడగలేదు. నువ్వు వెళ్ళావా మరి, ఇంటి నుంచి బయటికి?"

కృపాబాయి గారు మాస్కు కిందికి లాగారు.

"ఇవాళేనండి," అన్నారు.